వకీలు ఎమ్మెల్యే అయితే నల్లకోటు విప్పాల్నా?

నమస్తే. నల్లగొండల కోర్టు ముంగట చాయ్ తాగుతుంటే ఎన్నికలప్పుడల్లా ఒక మాట వినిపిస్తది. "వకీల్ సాబ్ గెలిస్తే ఇగ కేసులు వాదించొద్దు, సర్కారు జీతం తీసుకుంటడు గద!" ఇది తప్పు. వకీళ్లు అసెంబ్లీకి పోవుడు మనకు కొత్త గాదు. 1952ల షాద్‌నగర్ నుంచి గెలిచి హైదరాబాద్ రాష్ట్ర ముఖ్యమంత్రి అయిన బూర్గుల రామకృష్ణారావు కూడా వకీలే.

బార్ కౌన్సిల్ రూల్ 49 ప్రకారం వకీలు ఎవరి దగ్గరా ఫుల్‌టైం జీతానికి ఉండొద్దు. మన ఊరి లెక్కల చూడండి. వకీలు కౌలు రైతు. ఈ యేడు ఒకరి చేను, వచ్చే యేడు ఇంకొకరిది. జీతగాడు అట్ల గాదు, పటేలు చెప్పిందే పని. మరి ఎమ్మెల్యేకు జీతం వస్తది, కానీ పటేలు ఏడి? సర్కారుకు ఎదురు ఓటేసినా సర్కారు ఆయనను పనిల నుంచి తీసెయ్యలేదు. 2018 సెప్టెంబర్ 25న సుప్రీంకోర్టు తేల్చింది కూడా ఇదే: ఎమ్మెల్యే జీతం తీసుకున్నా సర్కారుకు ఉద్యోగి కాడు, ప్రాక్టీసు చేసుకోవచ్చు.

అసలు చిక్కు గెలవకముందే ఉంటది. రాజ్యాంగం 191వ అధికరణం ప్రకారం సర్కారు కింద లాభదాయక పదవిల ఉన్నోళ్లు ఎమ్మెల్యే కారాదు. రాజస్థాన్‌ల బికనీర్ వకీలు కాంతా కథూరియా 1967ల కోలాయత్ నుంచి గెలిచింది. ఒకే ఒక్క ఆర్బిట్రేషన్ (మధ్యవర్తి ముంగట నడిచే) కేసుకు స్పెషల్ గవర్నమెంట్ ప్లీడర్‌గా, అంటే సర్కారు తరఫు వకీలుగా, ఉన్నదని హైకోర్టు ఆ ఎన్నిక కొట్టేసింది. 1969ల సుప్రీంకోర్టు ఆమె ఎన్నికను నిలబెట్టింది. ఒక్క నాటుకు కైకిలి పోయినోడు జీతగాడు అయితడా? కాడు. కానీ ఒకరు దిగితే ఇంకొకరు ఎక్కే జీపీ (గవర్నమెంట్ ప్లీడర్) కుర్చీ వేరు. ఆ వాదన మీదికి తెచ్చుకోకండి. నామినేషన్‌కు ముందే రాజీనామా చేసి, ఆమోదం కాగితం చేతికి తీసుకోండి.

నాకు ఎక్కువ బాధైతున్నది కక్షిదారుల సంగతి. వకీల్ సాబ్ ప్రచారంల ఉంటడు. ఇక్కడ బంట్రోతు మూడుసార్లు పిలుస్తడు, పలికేటోళ్లు ఉండరు. కేసు కాగితంల "డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్" (రానందుకు కొట్టేసినం) అని రాస్తరు, పదేండ్ల భూమి కేసు ఆ ఒక్క ముక్కతోని పోతది. దావా మళ్లీ తెరిపించాలంటే 30 రోజులే గడువు. ప్రతివాది రాలేదని ఆయన లేకుండనే ఎక్స్‌పార్టీ డిక్రీ అయినా అంతే. అందుకే జూనియర్ పేరు వకాలత్‌ల ముందే ఎక్కించాలి, వాయిదా తారీఖులు కక్షిదారుకు రాసియ్యాలి. కౌలు చేను వదిలిపోయేటోడు నీళ్లు ఎవరు పెడ్తరో చెప్పి పోవాలె గద.

టైం అయిపోతున్నది, మిగిలినవి గబగబా. డిపాజిట్ 10,000, ఎస్సీ, ఎస్టీలకు 5,000. పార్టీ గుర్తు కావాలంటే పార్టీ ఇచ్చే ఫారం ఏ, బీ నామినేషన్ ఆఖరి రోజు మూడు గంటల లోపే అందాలి. ఫారం 26 అఫిడవిట్‌ల ఒక్క గడి ఖాళీ ఉండొద్దు, లేకుంటే "లేదు" అని రాయాలి. ఖర్చుకు వేరే బ్యాంకు ఖాతా నామినేషన్‌కు కనీసం ఒక రోజు ముందు తెరవాలి, ఖర్చు హద్దు 40 లక్షలు. గెలిచినా ఓడినా ఫలితం వచ్చిన 30 రోజుల్ల లెక్క చూపాలి, సరైన కారణం లేకుండా చూపకపోతే మూడేండ్లు పోటీకి అనర్హత.