స్కేలు లేని ఫోటో

అందరికీ నమస్కారం. కెమెరాల గురించి వినడానికి వచ్చినవాళ్ళు కొంచెం ఓపిక పట్టాలి. ముందు బూడిద గురించి చెప్తాను.

బనగానపల్లె దగ్గర జ్వాలాపురం మీలో కొందరు చూసే ఉంటారు. అక్కడ జుర్రేరు లోయలో మట్టి కింద తెల్లటి బూడిద పొర ఉంది. సుమారు 74,000 ఏళ్ళ కిందట సుమత్రాలో టోబా అగ్నిపర్వతం బద్దలైతే గాలికి ఇంతదూరం కొట్టుకొచ్చిన బూడిద అది. ఆ పొర కిందా, పైనా రాతి పనిముట్లు దొరికాయి. అంత ఉత్పాతం తర్వాత కూడా ఈ లోయలో మనుషులు మిగిలారా అన్న చర్చ 2007లో 'సైన్స్' పత్రికకెక్కింది. అదే బూడిదను మనవాళ్ళు అంట్లు తోమే పొడి కోసం తవ్వి లారీలకెత్తారు. కూలికి పోయినవాళ్ళను నేను తప్పుపట్టను. ఇంటి పక్కనే పని దొరికితే ఎవరు మాత్రం వద్దంటారు?

నేను మొదటిసారి వెళ్ళింది సాయంత్రం పూట. తవ్విన గోడ మీద ఎండ పడి బంగారంలా ఉంది. నలభై ఫోటోలు తీశాను. ఇంట్లో అందరూ మెచ్చుకున్నారు. తర్వాత పురావస్తు శాస్త్రం చదివే కుర్రాడొకడు చూసి, "పొర మందం ఎంత సార్?" అన్నాడు. నోట మాట రాలేదు. కొలత తెలియడానికి గోడ పక్కన స్కేలు పెట్టలేదు, ఉత్తరం ఎటో గుర్తు లేదు, ఏ గుంతో రాసుకోలేదు. మళ్ళీ పోయి చూస్తే ఆ గోడే లేదు.

అందుకే సంచిలో లెన్సు కంటే ముందు స్కేలు పెట్టుకోండి. లేదంటే టైలరు టేపైనా సరే. మొదట చుట్టుపక్కలతో సహా దూరం నుంచి, ఆ తర్వాత దగ్గరికి జరుగుతూ తీయండి. శాసనానికి మిట్టమధ్యాహ్నం ఎండ పనికిరాదు. పక్క నుంచి వెలుతురు పడాలి, అప్పుడే అక్షరం లేస్తుంది. కేతవరం లాంటి చోట రాతి మీద పాతకాలంలో గీసిన బొమ్మలు బాగా కనబడాలని నీళ్ళు చల్లుతారు కొందరు, సుద్దముక్కతో గీతలు దిద్దుతారు. దయచేసి ఆ పని చేయకండి.

శ్రీశైలం జలాశయంలో నీళ్ళు తగ్గినప్పుడు సంగమేశ్వరం గుడి బయటపడుతుంది కదా. ఏటా అదే చోట నిలబడి, అదే ఎత్తు నుంచి ఒక్క ఫోటో తీయండి చాలు. ఏ రాయి కదిలిందో పదేళ్ళకు తెలుస్తుంది.

వీడియో తీసేటప్పుడు మాత్రం రాళ్ళను వదిలి మనుషుల వైపు తిరగండి. ఏ గుంతలో ఏం తేలిందో తవ్విన కూలికి తెలిసినంతగా మనకు తెలియదు. ఆయన్ను మాట్లాడనివ్వండి, మధ్యలో అడ్డుపడకండి.

ఇంకో మాట. దిక్కులేని గుడి కనబడగానే లొకేషన్ పెట్టి వాట్సాప్‌లో పంపకండి. గుప్తనిధుల వాళ్ళు మన గ్రూపుల్లోనూ ఉంటారు. నంది కడుపులో బంగారం ఉందని పగలగొట్టే రకం వాళ్ళు. లొకేషన్ మీ నోటుబుక్కులో రాసుకోండి, పురావస్తు శాఖకు చెప్పండి.

సరే, ప్రొజెక్టరు వేయండి. ఇది ఆ నలభైలో ఒకటి. పొర మందం ఎంతో చెప్పండి చూద్దాం.