అరవై ఒకటో రోజు

(అమలాపురంలో పారాలీగల్ వాలంటీర్లు, కొత్త న్యాయవాదుల ముందు చేసిన ప్రసంగం)

పెద్దలకు నమస్కారం. కొత్తగా నల్లకోటు వేసుకున్న తమ్ముళ్లకీ చెల్లెళ్లకీ, ఊళ్లు తిరిగే వాలంటీర్లకీ కూడా.

కేసు ఏళ్ల తరబడి నానుతుంటే ఏం చేయాలంటే, ఎక్కువమంది చెప్పేది ఒకటే: "హైకోర్టుకెళ్లి కొట్టించేద్దామండీ!" అంత తేలిక కాదు. సత్వర విచారణ రాజ్యాంగం 21వ అధికరణం ఇచ్చిన హక్కేనని 1992లో అంతులే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది గానీ, ఇన్నేళ్లు దాటితే కేసు పోతుందని గడువు పెట్టలేదు. తర్వాత కొన్ని తీర్పులు గడువులు పెట్టాయి. 2002లో రామచంద్రరావు కేసులో ఏడుగురు జడ్జీలు వాటిని తీసేశారు. ఆలస్యం ఎవరి వల్ల జరిగిందో చూస్తారు. సగం వాయిదాలు మన పక్షం తీసుకున్నవే అయితే అక్కడ ఏ మొహం పెట్టుకుని అడుగుతాం?

తేదీ లెక్కతో దొరికే ఉపశమనం డిఫాల్ట్ బెయిల్, అంటే గడువులోగా పోలీసులు ఛార్జిషీట్ వేయకపోతే హక్కుగా వచ్చే బెయిల్. పాత సీఆర్‌పీసీలో 167(2) సెక్షన్, ఇప్పుడు భారతీయ నాగరిక సురక్షా సంహితలో 187(3).

ఉప్పలగుప్తం వైపు రొయ్యల చెరువు మీద ఏరేటర్ మోటార్లు పోయాయనుకుందాం. ఓ కుర్రాణ్ణి పట్టుకున్నారు. మార్చి 1న మేజిస్ట్రేటు రిమాండ్ రాశారు. శిక్ష పదేళ్ల లోపే గనక ఛార్జిషీట్ వేయడానికి పోలీసులకు 60 రోజులు. లెక్క అరెస్టు నుంచి కాదు, రిమాండ్ రాసిన రోజు నుంచి. ఆ రోజునీ కలుపుకోవాలని 2023లో సుప్రీంకోర్టు ముగ్గురు జడ్జీల ధర్మాసనం తేల్చింది. మార్చిలో 31, ఏప్రిల్లో 29, అక్కడికి అరవై. అరవై ఒకటో రోజున, అంటే ఏప్రిల్ 30న కోర్టు తెరిచేసరికి మీ పిటిషన్ సిద్ధంగా ఉండాలి.

ఎందుకంత తొందరంటారా? పదకొండింటికి ఛార్జిషీట్ పడి, పన్నెండింటికి మీరు పిటిషన్ వేస్తే హక్కు పోయినట్టే. మీదే ముందు పడితే, సాయంత్రం వాళ్లు ఛార్జిషీట్ వేసినా హక్కు చెక్కుచెదరదు. నోటిమాటగా అడిగినా చాలని 2017లో సుప్రీంకోర్టు అంది. అయినా కాగితం మీదే అడగండి, దాని మీద టైము వేయించుకోండి. గుమాస్తా చేతిలో పెట్టి టీకి వెళ్లిపోవద్దు. బెస్తవారం వేద్దాంలే అని వాయిదా వేసుకునే సీనియర్లూ ఉన్నారు. వాళ్ల పేర్లు చెప్పను గానీ, ఆ అలవాటు మీకు వద్దు.

మరణశిక్ష, యావజ్జీవం, పదేళ్లు ఆపైన శిక్ష పడే నేరాలకు 90 రోజులు. వాణిజ్య పరిమాణం, అంటే చట్టం లెక్కలో పెద్ద మొత్తం గంజాయి దొరికిన కేసుల్లో 180. దాన్ని ఏడాది దాకా పొడిగించాలంటే పబ్లిక్ ప్రాసిక్యూటర్ సొంతంగా కారణాలు రాసి రిపోర్టు ఇవ్వాలి. దర్యాప్తు అధికారి కాగితాన్నే సంతకం పెట్టి పంపితే అభ్యంతరం చెప్పండి. గంజాయి కేసులో రాజమండ్రి సెంట్రల్ జైల్లో ఉన్న డ్రైవరుకి ఈ సంగతి ఎవరు చెబుతారు? మనమే చెప్పాలి.

బెయిల్ వచ్చాక అసలు తంటా జామీను దగ్గర మొదలవుతుంది. డిఫాల్ట్ బెయిల్‌కి డబ్బు డిపాజిట్ చేయమనే షరతు చెల్లదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. వేరే జిల్లా ష్యూరిటీలను (పూచీ ఇచ్చేవాళ్లను) కాదనకూడదని 1978లోనే మోతీరామ్ కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ రాశారు. బెయిల్ వచ్చిన వారం రోజుల్లో ఖైదీ బయటకు రాకపోతే జైలు సూపరింటెండెంట్ జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు తెలపాలని 2023 నుంచి సుప్రీంకోర్టు ఆదేశం ఉంది.

ఛార్జిషీట్ పడ్డాక కూడా లోపలే ఉన్నవాళ్లకు అదే సంహితలో 479 సెక్షన్ ఉంది. గరిష్ఠ శిక్షలో సగం, గతంలో ఏ నేరంలోనూ దోషిగా తేలనివాళ్లయితే మూడో వంతు గడిపితే విడుదలకు అర్హత. మరణశిక్ష, యావజ్జీవం పడే నేరాలకు ఇది లేదు. ఒకటికి మించి కేసులుంటే కూడా ఇవ్వకూడదన్న నిబంధన నాకు నచ్చదు. మోటార్ల దొంగతనం కేసులు రెండున్న కూలివాడి మీదే దాని దెబ్బ పడుతుంది.

ఫిర్యాదుదారులకూ ఓ మాట. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో 90 రోజుల్లోగా పోలీసులు మీకు చెప్పాలి. మెసేజ్ పెట్టినా చాలు. రాకపోతే అడగండి.

సబ్‌జైలుకి వెళ్లే వాలంటీర్లు ఖైదీని "నువ్వే చేశావా?" అని అడగొద్దు. రిమాండ్ తేదీ, సెక్షన్లు, వకీలు ఉన్నారా లేదా, ఈ మూడూ రాసుకు రండి. వకీలు లేకపోతే న్యాయ సాయం హెల్ప్‌లైన్ 15100కి ఫోన్ చేయించండి, కస్టడీలో ఉన్నవారికి న్యాయ సాయం ఉచితం.

ఇక మీ ప్రశ్నలు అడగండి.