ఇప్పుడు వంతు ఎవరిది?

శ్రోతలకు నమస్కారం.

నా చిన్నప్పుడు చెన్నై పెరంబూరులో మా ఇంట్లో బీరువా మీద ఒక చదరంగం బల్ల ఉండేది. దాన్ని ఎవరూ ముట్టుకోకూడదు. దుమ్ము దులిపేటప్పుడు కూడా అమ్మ పావుల చుట్టూ గుడ్డ తిప్పేదే గాని ఒక్కదాన్నీ కదిపేది కాదు. ఎందుకంటే అది సగంలో ఉన్న ఆట. ఎదుటి ఆటగాడు గూడూరులో ఉన్నాడు. నాన్నా ఆయనా ఇక్కడ రైల్వేలో కలిసి పనిచేశారు. ఆయనకు బదిలీ అయింది, ఆట మాత్రం ఆగలేదు. పోస్టుకార్డుల మీద నడిచింది.

పదిహేను పైసల కార్డు. పైన క్షేమ సమాచారం, అడుగున ఎత్తు. "ఇక్కడ అందరం కులాసా. పాపకు జ్వరం తగ్గింది. గుర్రం ఎఫ్ 3." అంతే. అంటే గుర్రాన్ని ఎఫ్ వరసలో మూడో గడికి జరపమని. రెండు రోజులకు కార్డు చేరేది. నాన్న ఆఫీసు నుంచి వచ్చి, కాళ్ళు కడుక్కుని, బీరువా దగ్గర స్టూలు వేసుకుని ఆ గుర్రాన్ని కదిపేవారు. ఒక ఆట పూర్తయ్యేసరికి ఆరేడు నెలలు. ఒకసారి వానలో తడిసిన కార్డు వచ్చింది. సిరా పాకిపోయి అంకె మూడో ఎనిమిదో తెలియలేదు. నాన్న చాలాసేపు బల్ల వైపు చూసి, "ఆ గుర్రం ఒక్క ఎత్తులో ఎనిమిదికి పోలేదు. మూడే" అని తేల్చారు. పక్కనే పాపకు జ్వరం తగ్గిందో పెరిగిందో కూడా చెరిగిపోయింది. దాన్ని తేల్చడానికి మాత్రం ఇంకో కార్డు రాయాల్సి వచ్చింది.

ఫోనులో మెసేజ్‌ల మధ్య ఆడే ఆటల గురించి మాట్లాడమని నన్ను పిలిచారు. ఈయనేమిటి పోస్టుకార్డు దగ్గర మొదలుపెట్టాడు అనుకోకండి. నా లెక్కలో రెండూ ఒకటే. ఉత్తరం ఎక్కడికి వెళ్ళిందో ఆట దాని వెనకే వెళ్ళింది. 1824లో లండన్, ఎడిన్‌బరో నగరాల చదరంగం క్లబ్బులు ఉత్తరాల మీద పోటీ మొదలుపెట్టి 1828 దాకా ఆడాయి. స్కాట్లండ్ నగరమైన ఎడిన్‌బరో గెలిచింది. చదరంగంలో స్కాచ్ గేమ్ అని ఆట మొదలుపెట్టే పద్ధతి ఒకటుంది, దానికి ఆ పేరు అక్కడి నుంచే వచ్చింది. 1844లో అమెరికాలో వాషింగ్టన్, బాల్టిమోర్ మధ్య టెలిగ్రాఫ్ తీగ వేస్తే, ఆ ఏడాదే దాని మీద చదరంగం ఆడేశారు. కోట్ల మంది చేతిలో మెసేజ్ యాప్ పెట్టి, అందులో ఆడకుండా ఉండండి అంటే ఎవరుంటారు?

ఈ ఆటలు ముందు మన దేశంలో మొదలు కాలేదు. కొరియాలో 2012లో అనిపాంగ్ అనే ఆట కాకావోటాక్ అనే మెసేజ్ యాప్‌ను పట్టుకుని ఊరంతా తిరిగింది. ఆడటానికి హార్టులు కావాలి, ఆ హార్టులు స్నేహితులు పంపాలి. దాంతో ఏళ్ళ తరబడి పలకరించని వాళ్ళ దగ్గర నుంచి కూడా హార్టులు వచ్చిపడ్డాయి. కొందరికి సంబరం, చాలామందికి చిరాకు. ఆ తరవాత 2016లో మరికొన్ని యాప్‌లు ఒకేసారి మేల్కొన్నాయి. ఫేస్‌బుక్ మెసెంజర్‌లో బాస్కెట్‌బాల్ బొమ్మ పంపి దాన్ని నొక్కితే దాచిపెట్టిన ఆట తెరుచుకునేది. సెప్టెంబరులో ఐఫోన్ మెసేజ్‌లలోకి ఆటలు వచ్చాయి. అక్టోబరులో టెలిగ్రామ్, నవంబరులో మళ్ళీ మెసెంజర్ తమ తమ ఆటల వేదికలు తెరిచాయి.

ఎలా ఆడాలో చెబుతాను. కాగితం, పెన్ను ఏమీ అక్కర్లేదు. టెలిగ్రామ్‌లో ఏ చాటింగ్ లోనైనా మెసేజ్ రాసే చోట ముందు ఎట్ గుర్తు కొట్టండి. ఈమెయిల్ అడ్రసులో వాడతామే, ఇంగ్లీషు ‘ఏ’ అక్షరం చుట్టూ తోక తిరిగి ఉంటుందే, అదే. వెంటనే గేమ్‌బాట్ అని ఇంగ్లీషులో కలిపి రాయండి. జి, ఏ, ఎమ్, ఇ, బి, ఓ, టి. తరవాత ఒక ఖాళీ వదలండి. ఆటల జాబితా పైకి వస్తుంది. ఒకదాన్ని నొక్కితే ఆ ఆట బొమ్మ మెసేజ్ లాగా గ్రూపులో పడుతుంది. కింద బటన్ నొక్కిన వాళ్ళందరూ ఆడొచ్చు. వేరే డౌన్‌లోడ్ ఏమీ ఉండదు. నిజానికి అది యాప్ లోపల తెరుచుకునే ఒక చిన్న వెబ్ పేజీ. ఆట అయిపోగానే మీ స్కోరు దానంతట అదే గ్రూపులోకి వచ్చి కూర్చుంటుంది. అసలు తంటా అక్కడే మొదలు.

మా మేనత్త తిరువొత్తియూరులో ఉంటుంది. తెలుగు మీడియం బడిలో లెక్కలు చెప్పి రిటైరైన మనిషి. మా కుటుంబం గ్రూపులో పిల్లలు మ్యాథ్ బ్యాటిల్ అనే ఆట పెట్టారు. తెర మీద ఒక లెక్క పడుతుంది. పదిహేడూ ఎనిమిదీ ఇరవై ఆరు అని. ఒప్పయితే టిక్కు, తప్పయితే ఇంటూ. సమయం కరిగిపోతూ ఉంటుంది. ఇంజినీరింగ్ చదివే మా వాళ్ళు పోటీలు పడి ఆడుతున్నారు. ఒకరోజు మధ్యాహ్నం అత్త పేరు పట్టికలో అట్టడుగున కనిపించింది. సాయంత్రానికి మధ్యలో ఉంది. రాత్రి పడుకునే వేళకు అందరికన్నా పైన! మర్నాడు ఫోను చేసి అడిగితే, "ఏందిరా ఆశ్చర్యం? ముప్ఫై ఏళ్ళు తప్పులు దిద్దిన చెయ్యి ఇది. ఒప్పు వెతకడం కంటే తప్పు పట్టడం నాకు తేలిక" అంది. ఆ మాట ఆవిడ కోడలు వినలేదనే అనుకుంటున్నాను.

అయితే ఇలాంటి స్కోరు ఆటలు నాకు అంతగా నచ్చవు. ఎవరో రాత్రి పదకొండున్నరకు మీ స్కోరు దాటేస్తారు. ఫోను టింగుమంటుంది. మీకు నిద్ర పట్టదు. లేచి మళ్ళీ ఆడతారు. ఇద్దరూ ఒకే గ్రూపులో ఉన్నా, ఎవరి ఆట వాళ్ళు ఒంటరిగా ఆడుకోవడమే. గ్రూపులో మాటలు తగ్గి అంకెలు పెరుగుతాయి. అందుకే ఆటల కోసం వేరే గ్రూపు పెట్టి దాన్ని మ్యూట్‌లో ఉంచమంటాను. పెళ్ళి కబుర్లు, ఆసుపత్రి కబుర్లు వచ్చే గ్రూపులో కట్టెలు కొట్టే ఆట స్కోర్లు వద్దు.

వంతు ఉన్న ఆట వేరు. మీరు వేశాక అవతలి వాళ్ళు వేసేదాకా ఆగాలి. వాళ్ళు బస్సులో ఉండొచ్చు, వంటింట్లో ఉండొచ్చు. వంతు మాత్రం చెడిపోకుండా అక్కడే ఉంటుంది. ఐఫోన్‌లో గేమ్ పిజన్ అని ఒకటుంది. బిలియర్డ్స్, చదరంగం, ఓడల యుద్ధం లాంటివన్నీ అందులో ఇలాగే ఒక్కో మెసేజ్‌గా వెళ్తాయి. మెసేజ్ రాసే చోటు పక్కన ప్లస్ గుర్తు నొక్కి, యాప్ స్టోరు లోంచి చేర్చుకోవాలి. అవతలి వాళ్ళకూ ఐఫోనే ఉండాలి. మా ఇంట్లో ఆ ఆట అక్కడితో సరి, ఉన్నది ఒక్క ఐఫోను.

వంతుల ఆట ఎంత బాగుంటుందో నాకు వైకుంఠ ఏకాదశి రాత్రి తెలిసింది. జాగరణ కోసం మా ఇంట్లో వైకుంఠపాళి పరుస్తారు. పక్కింటి తమిళుల ఇంట్లోనూ అదే ఆట, వాళ్ళు పరమపదం అంటారు. తెల్లవారుజామున తిరువల్లిక్కేణి పార్థసారథి గుడిలో ఉత్తర ద్వారం తెరిచే వేళకు వెళ్ళాలంటే, అప్పటిదాకా కళ్ళు మూతపడకూడదు కదా. ఆ ఏడు బెంగళూరు నుంచి మా మేనల్లుడు రాలేదు, నెల్లూరు బాబాయికి కాలు బెణికింది. మా అమ్మాయి ఒక ఉపాయం చెప్పింది. టెలిగ్రామ్‌లో పాచిక బొమ్మ పంపితే అది బొమ్మగా ఉండిపోదు, నిజంగా దొర్లి ఒక అంకె చూపిస్తుంది. ఇది 2020లో వచ్చింది. అంకెను నిర్ణయించేది వాళ్ళ సర్వరు, పంపినవాడి ఫోను కాదు. కాబట్టి చేతివాటానికి చోటు లేదు.

పటం భోజనాల బల్ల మీద పరిచాం. బాబాయి పేరిట ఒక చింతగింజ, మేనల్లుడి పేరిట చొక్కా గుండీ, అత్తకు ఎర్ర గాజుముక్క. వాళ్ళు అక్కడ పాచిక పంపుతారు, మేం ఇక్కడ పావు జరిపి ఫోటో తీసి పెడతాం. అత్త వంతు వచ్చింది. "ఇదిగో వేస్తున్నా" అని రాసి పక్కన పాచిక బొమ్మ పెట్టింది. అది కదల్లేదు. మళ్ళీ పంపింది, ఈసారి పక్కన నమస్కారం బొమ్మ. అదీ కదల్లేదు. పాచిక మెసేజ్‌లో ఒంటరిగా ఉంటేనే దొర్లుతుంది, తోడు ఇంకేమున్నా వట్టి బొమ్మే. అది అర్థమయ్యేసరికి పది నిమిషాలు పట్టింది. మూడోసారి ఒక్క పాచికే పంపింది. ఆరు పడింది. ఆరు గడులు లెక్కపెడితే నేరుగా పెద్ద పాము నోట్లో.

"నువ్వే తప్పు లెక్కపెట్టి ఉంటావు, మళ్ళీ ఫోటో పెట్టు" అంది.

పెట్టాం. పాము నోరు దగ్గరగా కనిపించేలా పెట్టాం. రెండున్నరకు బాబాయి దగ్గర నుంచి పాచిక రాలేదు. పడుకున్నాడేమో అనుకున్నాం. పావుగంటకు ఫోటో వచ్చింది: పిన్ని పెట్టిన పసుపు పట్టు, దాని పక్కన కాఫీ గ్లాసు. తరవాత పాచిక, రెండు పడింది. మూడున్నరకు ఆట ఎక్కడిదక్కడ ఆపి మేం కారెక్కాం. చింతగింజ, గుండీ, గాజుముక్క పటం మీదే ఉన్నాయి. బీరువా మీద చదరంగం బల్ల లాగే.

ఇక వాట్సాప్ సంగతి. టెలిగ్రామ్‌లో లాగా ఆటలను పిలిచే ఏర్పాటు దానిలో లేదు. మన వాళ్ళు ఆడేవన్నీ మాటల ఆటలే: అంత్యాక్షరి, పొడుపుకథలు, ఎమోజీలు పెట్టి సినిమా పేరు చెప్పమనడం. వీటికి ఎవరి అనుమతీ అక్కర్లేదు, డేటా ఖర్చూ నామమాత్రమే. కానీ వాట్సాప్‌లో ఆట పేరుతో లింకు వచ్చిందంటే అది బయటి నుంచి వచ్చిందే. మా బావమరిది ఒకసారి అపార్ట్‌మెంటు గ్రూపులో వచ్చిన లూడో లింకు నొక్కాడు. అది యాప్ స్టోరుకు పోకుండా నేరుగా ఒక ఫైలు దింపుకోమంది. దింపుకున్నాడు. సాయంత్రానికి అదే లింకు ఆయన పేరు మీద ఆయన మేనేజరుకు, పాలవాడికి, మా ఆవిడకు, చివరికి కాబోయే వియ్యంకుడికి కూడా వెళ్ళింది. డబ్బు పోలేదు, పరువు కొంత పోయింది. ఆ వియ్యంకుడు మాత్రం, "లూడో బాగుందండీ, ఇంకో ఆట ఉంటే పంపండి" అన్నాడట. ఆయన నొక్కలేదని ఆశిద్దాం.

డబ్బు పెట్టి ఆడే ఆటల గురించి ఒక్క మాట. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆన్‌లైన్ గేమింగ్ చట్టం ఆమోదించింది. డబ్బు కట్టి, డబ్బు గెలుస్తామని ఆడే ఆన్‌లైన్ ఆటలను, అది తెలివితేటల ఆట అయినా అదృష్టం ఆట అయినా, ఆ చట్టం నిషేధించింది. వాటికి ప్రకటనలివ్వడం కూడా నేరమే. సరదాకు ఆడే ఆటల జోలికి అది పోదు. కాబట్టి పందెం కాయమని ఏ గ్రూపులో ఏ లింకు వచ్చినా టెన్షన్ పడక్కర్లేదు, తీసెయ్యండి చాలు. ఇంకొకటి. టెలిగ్రామ్‌లో కొత్త ఆట తెరిచినప్పుడు, మీ పేరు, మీ ఐడీ ఆ పేజీకి ఇవ్వొచ్చా అని అడుగుతుంది. ఫోను నంబరు ఇవ్వదని కూడా అక్కడే రాసి ఉంటుంది. చదివి నొక్కండి. ఆట మధ్యలో ఎవరైనా ఓటీపీ అడిగారంటే అది ఆట కాదు.

ఈ ఊళ్ళో చదరంగం గాలిలోనే ఉందంటారు. 2022 ఒలింపియాడ్ అప్పుడు నేపియర్ వంతెనకు నలుపు తెలుపు గళ్ళు వేశారు, గుర్తుంది కదా. 2024 డిసెంబరులో పద్దెనిమిదేళ్ళకే ప్రపంచ ఛాంపియన్ అయిన గుకేశ్ ఈ ఊరి తెలుగింటి పిల్లవాడే. ఆ వార్త వచ్చిన రాత్రి మా నాన్న గూడూరు స్నేహితుడికి ఫోను చేశారు. ఆయన ఇప్పుడు హైదరాబాదులో కొడుకు దగ్గర ఉంటున్నారు. ఇద్దరూ ఎనభైకి దగ్గర పడ్డారు. "మళ్ళీ మొదలుపెడదామా?" అనుకున్నారు.

నేను చదరంగం యాప్ పెట్టిస్తానన్నాను. నాన్న వద్దన్నారు. పాత బల్ల దించి తుడిచి, మళ్ళీ బీరువా మీదే పెట్టారు. ఎత్తు మాత్రం వాట్సాప్‌లో వెళ్తుంది, కార్డు మీద రాసినట్టే, పైన క్షేమం, కింద ఎత్తు. నిన్న ఉదయం నాన్న మంత్రిని ముందుకు జరిపి పంపారు. పది నిమిషాల్లో నీలం టిక్కులు పడ్డాయి. సాయంత్రం దాకా జవాబు లేదు. ఫోను చేసి అడగమంటారా అన్నాను.

"చూశాడు కదా, ఆలోచించుకోనీ. కార్డుల రోజుల్లో అయితే అందిందో లేదో కూడా తెలిసేది కాదు" అన్నారు నాన్న.

నేను స్టూడియోకు బయల్దేరే వేళకు కూడా వంతు హైదరాబాదుదే. సెలవు.