మాటకారి పిల్లి ఉన్న ఇంటికి మరో పిల్లి

శ్రోతలకు నమస్కారం. మీ ఇంట్లో రోజంతా మ్యావ్ మ్యావ్‌మంటూ వెంట తిరిగే పిల్లి ఉంది. దానికి తోడుగా మరొకదాన్ని తేవాలనుకుంటున్నారు. దయచేసి తెచ్చిన రోజే రెండింటినీ ఎదురెదురుగా వదలకండి. చాలా ఇళ్లలో వ్యవహారం చెడేది అక్కడే.

కొత్త పిల్లిని ముందు పశువైద్యుడికి చూపించి, నేరుగా ఓ విడి గదిలోకి చేర్చండి. తిండి, నీళ్లు, మలమూత్రాలకు ఇసుక పోసిన లిట్టర్ ట్రే, దాక్కోవడానికో అట్టపెట్టె అన్నీ అందులోనే ఉండాలి.

పాత పిల్లి తలుపు దగ్గర చేరి అరుస్తుంది. ఆ అరుపు ఏమిటో జాగ్రత్తగా వినండి. ఎదిగిన పిల్లులు మ్యావ్ అనేది ఎక్కువగా మనుషులతోనే. అంటే అది అడుగుతున్నది మిమ్మల్ని. అరవగానే తలుపు తీశారంటే, అరిస్తే పని జరుగుతుందని నేర్చుకుంటుంది. కాస్త ఊరుకున్నప్పుడు పలకరించండి. దాని తిండివేళ, ఆటవేళ మాత్రం తప్పనివ్వకండి. బుస సంగతి వేరు, అది సాటి పిల్లికి చేసే హెచ్చరిక. బుస కొట్టిందని తిట్టడం, నీళ్లు చల్లడం వద్దే వద్దు. భయం తగ్గకపోగా, కొత్త పిల్లి వల్లే తనకు ఈ బాధ అని అనుకుంటుంది.

పరిచయం వాసనతో మొదలవ్వాలి. వాసన గ్రంథులు చెంపల దగ్గర ఉంటాయి కనుక, మెత్తటి గుడ్డతో ఒకదాని చెంపలు తుడిచి రెండోదాని దగ్గర పడేయండి. మూసిన తలుపుకి చెరోవైపు, 5, 6 అడుగుల దూరంలో గిన్నెలు పెట్టండి. నింపాదిగా తింటుంటే రోజురోజుకీ దగ్గరికి జరపండి. తిండి మానేసి తలుపు వంక గుర్రుమంటోందా, తొందరపడ్డారన్నమాట. నిన్నటి దూరానికే వెనక్కి వెళ్లండి. వారం పట్టొచ్చు, నెల దాటొచ్చు.

రెండూ తలుపు పక్కనే నింపాదిగా తింటున్నాక, తలుపు తీసి, మధ్యలో కంతలున్న జాలీ అడ్డంపెట్టి 5 నిమిషాలు చూసుకోనివ్వండి. రెప్ప వేయకుండా చూస్తూ, చెవులు వెనక్కి వాల్చి, తోక విసురుతుంటే అక్కడితో ఆపేయండి. జాలీ తీశాక కలబడితే చేతులు పెట్టకండి, మధ్యలో అట్టముక్కో దిండో అడ్డం పెట్టండి. రెండు పిల్లులకు 3 ట్రేలు, వేర్వేరు చోట్ల ఉండాలి.

మరో మాట. ఎప్పుడూ అరిచేదే కదా అని ప్రతి అరుపునీ కొట్టిపారేయకండి. మగపిల్లి ట్రేలో ముక్కుతూ అరుస్తున్నా మూత్రం రాకపోతే ప్రాణం మీదికొచ్చినట్టే, అర్ధరాత్రయినా వైద్యుడి దగ్గరికి తీసుకెళ్లాలి. ఏ పిల్లయినా 24 గంటలు ఏమీ ముట్టకపోతే వెంటనే చూపించండి.