అరుగు లేని ఇల్లు
(కాలనీ గ్రంథాలయంలో ఆదివారం సభలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. కరోనా గురించి మాట్లాడమంటే మొదట వద్దన్నాను. అందరం పడ్డదే, కొత్తగా ఏం చెప్తాం అనిపించింది. తర్వాత ఆలోచిస్తే మా ఇంట్లో జరిగిన ఒక చిన్న గొడవ గుర్తొచ్చింది. అదే చెప్తాను.

2020 మార్చి 24 రాత్రి 8 గంటలకి ప్రధాని టీవీలో కనిపించి, 21 రోజులు ఎవరూ ఇల్లు కదలొద్దని, గుమ్మం ముందు లక్ష్మణరేఖ ఉందనుకోమని చెప్పారు. ఆ గీత రామాయణంలో సీతమ్మ కోసం గీసింది. మగవాళ్లకి కూడా గీయడం అదే మొదటిసారి అనుకుంటాను. తెల్లారితే ఉగాది. వచ్చిన సంవత్సరం పేరు శార్వరి, అంటే రాత్రి. ఆ ఏడు మా పచ్చడిలో వేపపువ్వు లేదు. ఆ లోటు తర్వాత, పొడిగిస్తూ పోయిన 68 రోజుల లాక్‌డౌన్ తీర్చింది, అది వేరే సంగతి.

మాది హైదరాబాద్‌లో రెండు బెడ్‌రూముల ఫ్లాటు. నేను, మా ఆవిడ, కాలేజీ చదివే అమ్మాయి, మా అమ్మ. నా ఉద్యోగం నెలలో సగం రోజులు టూర్లే. ఇంటికొస్తే కాఫీ, పేపరు, భోజనం అన్నీ వేళకి అందేవి. అవి ఎలా అందుతున్నాయో ఎప్పుడూ చూడలేదు.

రెండో వారంలో నాకు తోచక, వంటింట్లో డబ్బాలన్నీ దించి, తుడిచి, పేర్లు రాసిన చీటీలు అంటించి, అక్షరమాల వరసలో సర్దాను. మంచి పని చేశాననే అనుకున్నాను. మర్నాడు పోపు వేస్తూ మా ఆవిడ జీలకర్ర కోసం వెతుక్కుంటుంటే నూనె పొగలొచ్చి ఆవాలు మాడిపోయాయి. ఆమె స్టవ్ కట్టేసి, గొంతు పెంచకుండా, "మీరు లేనప్పుడు ఈ ఇల్లు బాగానే నడిచిందండీ" అంది.

కోపం వచ్చింది. మామూలుగా అయితే చెప్పులేసుకుని కిందికెళ్లి ఒక టీ తాగి వచ్చేవాణ్ణి. ఇప్పుడెక్కడికి వెళ్తాను? మేడెక్కాను. అక్కడ అప్పటికే నలుగురున్నారు. తలా ఒక మూల, మాస్కు గడ్డం కిందికి లాక్కుని, ఫోన్ మాట్లాడుతున్నట్టు నటిస్తున్నారు. ఒక్కరికీ ఫోన్ రాలేదని నాకు గట్టి నమ్మకం.

ఆ మేడ మీదే మా తాతగారి ఊరి ఇల్లు గుర్తొచ్చింది. ముందు అరుగు, వెనక పెరడు. మగవాళ్లు పొద్దస్తమానం అరుగు మీదే. పేకాట, పంచాయితీ, పేపరు అన్నీ అక్కడే. తిండికి, నిద్రకి మాత్రం లోపలికి వచ్చేవారు. ఫ్లాట్లలో అరుగు పోయింది కానీ మాకు తెలియలేదు. ఎందుకంటే ఆఫీసే అరుగయింది, టీ కొట్టు అరుగయింది. లాక్‌డౌన్ వచ్చి ఆ అరుగు లాగేసింది. మొదటిసారి లోపలికొచ్చి కూర్చున్నాం, కూర్చుని డబ్బాలు సర్దాం.

ఇల్లే లేనివాళ్ల సంగతి మరువకూడదు. మే 1న లింగంపల్లి నుంచి జార్ఖండ్‌లోని హటియాకి, వలస కూలీల్ని సొంతూళ్లకి చేర్చే మొదటి శ్రామిక రైలు బయల్దేరితే, దాదాపు 1,200 మంది కార్మికులు ఎక్కారు. వాళ్ల ముందు మా పోపు గొడవ ఎంత? అయినా నేను చెప్పగలిగింది నా ఇంటి సంగతే.

పనమ్మాయి రావడం మానేసింది కాబట్టి అంట్లు నా వంతు అన్నాను. ఒకరోజు లెక్కపెట్టాను. చెంచాలు కాకుండా 63. పాలగిన్నెని ముందే నానబెట్టాలని నాకు యాభై నాలుగో ఏట తెలిసింది. ఆ సెప్టెంబరులో కేంద్ర ప్రభుత్వం 2019లో చేసిన సమయ వినియోగ సర్వే బయటికొచ్చింది. జీతం లేని ఇంటి పని చేసే ఆడవాళ్లు రోజుకి 299 నిమిషాలు చేస్తున్నారు, మగవాళ్లు 97. ఆ 97 కూడా చేసే మగవాళ్ల లెక్కే, వాళ్లు నూటికి 26 మందే. నేను మిగతా 74లో ఉన్నవాణ్ణి. నాకు ఆశ్చర్యం వేయలేదు, సిగ్గేసింది.

అయితే అంట్లు తోమినంత మాత్రాన గొడవ తీరలేదు. ఆమె చిరాకు తగ్గలేదు. ఒకరోజు మా అమ్మే చెప్పింది: "నువ్వు చేయట్లేదని కాదురా. పదకొండింటికి దానికో గంట ఉండేది. నేను కునుకు తీస్తే, అది టీ పెట్టుకుని బాల్కనీలో కూర్చునేది. ఇప్పుడు నువ్వు అక్కడ ల్యాప్‌టాప్ పెట్టుకున్నావు."

మా ఆవిడకీ ఒక అరుగుంది. ఇరవై ఏళ్లుగా ఉంది. నా అరుగు పోయిందని ఏడుస్తూ వెళ్లి ఆమె అరుగు మీద కూర్చున్నాను. సర్దుకుపోవడం అనే మాట మనం పెళ్లిలో ఆడపిల్లకే చెప్పి పంపుతాం. నాకెవరూ చెప్పలేదు. ఆ రోజు ల్యాప్‌టాప్ తీసుకెళ్లి మా అమ్మ మంచం పక్కన పెట్టుకున్నాను. మీటింగుల్లో ఆమె గురక అందరికీ వినిపించింది, ఎవరూ ఏమనలేదు.

జీలకర్ర డబ్బా పాత చోటికి వెళ్లింది. చీటీలు మాత్రం ఇంకా ఉన్నాయి, పెసరపప్పు అని రాసిన దాంట్లో మెంతులుంటాయి. ఇప్పుడు వారంలో రెండు రోజులు ఇంటి నుంచే పని. ఆ రోజుల్లో పదకొండింటికి నేను కిందికెళ్లి ఒక చుట్టు నడిచొస్తాను. జేబులో తాళం చెవి ఉన్నా, వచ్చాక బెల్లే కొడతాను.