ఈగిల్స్ హిట్స్: లాస్‌లెస్‌లో మళ్ళీ వింటే

వ్యాఖ్యాత: నమస్కారం. అమెరికన్ రాక్ బృందం ఈగిల్స్ తొలి నాలుగు ఆల్బమ్‌ల నుంచి ఏరిన పది పాటలతో 1976 ఫిబ్రవరిలో వచ్చిన గ్రేటెస్ట్ హిట్స్ సంకలనం గురించి ఈ భాగంలో మాట్లాడుకుందాం. అమెరికాలో పది లక్షల ప్రతుల అమ్మకానికి ఇచ్చే ప్లాటినం గుర్తింపు పొందిన మొట్టమొదటి ఆల్బమ్ అదే. ఏళ్ళ తరబడి ఎంపీ3లోనే విన్నవారికి లాస్‌లెస్‌లో, అంటే శబ్ద సమాచారం ఏదీ పోని ఫైలులో, కొత్తగా ఏం వినిపిస్తుందండీ?

అతిథి: ముందుగా సింబల్స్, అంటే డ్రమ్స్‌తో పాటు మోగే లోహపు పళ్ళాల, తేడా తెలుస్తుంది. పెద్ద శబ్దం చాటున ఉన్న చిన్న శబ్దాన్ని చెవి పట్టించుకోదన్న లెక్కతో ఎంపీ3 కొంత సమాచారాన్ని తీసేస్తుంది. సెకనుకు 128 కిలోబిట్ల సమాచారమే ఉండే ఫైలులో ఆ కోత ముదిరి, సింబల్ మోత మెల్లగా సన్నగిల్లవలసింది పోయి నీళ్ళలోంచి వస్తున్నట్టు ఉంటుంది. లాస్‌లెస్‌లో ఆ మోత చివరిదాకా నిలుస్తుంది, ‘టేక్ ఇట్ ఈజీ’లో గిటార్ల వెనక పరుగెత్తే బాంజో కూడా విడిగా తెలుస్తుంది. అయితే 256 కిలోబిట్లు దాటిన మంచి ఎంపీ3కీ దీనికీ తేడా పట్టగలిగేవారు చాలా తక్కువని నా అభిప్రాయం.

వ్యాఖ్యాత: అయితే ఈ శ్రమంతా దేనికి?

అతిథి: ఈ సంకలనంలో ఇంకో విశేషం ఉంది. మొదటి రెండు ఆల్బమ్‌లను నిర్మాత గ్లిన్ జాన్స్ లండన్‌లో రికార్డు చేశారు. డ్రమ్స్‌కు మూడు నాలుగు మైకులు చాలనుకునే మనిషి కాబట్టి, ఆ పాటల్లో వాద్యాల చుట్టూ గది గాలి కూడా వినిపిస్తుంది. మూడో ఆల్బమ్ మధ్యలో నిర్మాతగా బిల్ సిమ్‌జిక్ వచ్చాక రాక్ ధోరణి పెరిగి, డ్రమ్స్ దగ్గరగా, బరువుగా మోగుతాయి. ఒకే వరుసలో వింటే ఆ అతుకు దొరికిపోతుంది, నాకైతే అదే అసలు రుచి.

వ్యాఖ్యాత: లాస్‌లెస్ రకాల్లో ఒకటైన ఫ్లాక్ ఫైలు ఉంటే సరిపోతుందా మరి?

అతిథి: చాలదండీ. ఫ్లాక్ తనకిచ్చిన శబ్దాన్ని ఒక్క బిట్టు కూడా పోకుండా కుదిస్తుందే తప్ప మెరుగుపరచదు. ఎంపీ3ని ఫ్లాక్‌గా మార్చినా పోయింది తిరిగి రాదు. 1990ల నుంచి వచ్చిన రీమాస్టర్లు, అంటే పాత రికార్డింగు శబ్దాన్ని మళ్ళీ సరిదిద్ది చేసిన ప్రతులు, అనేకం, మిగతా పాటల కన్నా బిగ్గరగా మోగాలన్న పోటీలో, శబ్దపు హెచ్చుతగ్గులను నలిపేశాయి. అలాంటి మాస్టర్‌ను ఇంకా సూక్ష్మమైన కొలతతో, 24 బిట్లలో ఇచ్చినా నలిగిన డ్రమ్ దెబ్బ లేచి నిలబడదు. కనుక రెండు ప్రతులను పోల్చేటప్పుడు ముందు రెండింటి వాల్యూమ్ సమానం చేసుకోండి, లేకపోతే బిగ్గరగా ఉన్నదే బాగుందనిపిస్తుంది.