రెండు సెంటీమీటర్ల గోల్డ్, ఆ తర్వాత డెక్ మీద గడిచిన ఏళ్లు: ఆంథొనీ నెస్టీ

హోస్ట్: అందరికీ నమస్తే. ఇవాళ ఎపిసోడ్ మొత్తం ఒక్క మనిషి గురించే, ఒలింపిక్ గోల్డ్ గెలిచి ఆ తర్వాత కోచ్ అయిన స్విమ్మర్ ఆంథొనీ నెస్టీ. మాట్లాడటానికి పిల్లలకు స్విమ్మింగ్ నేర్పే కోచ్ అన్న వచ్చారు. అన్నా, అమెరికా స్విమ్మర్ మైకేల్ ఫెల్ప్స్ పేరు తెలియనివాళ్లు ఉండరు, మరి నెస్టీ పేరు ఎందుకు వినపడదు?

కోచ్: నా బాధ కూడా అదే తమ్ముడూ. చూడు, 1988 సియోల్ ఒలింపిక్స్, 100 మీటర్ల బటర్‌ఫ్లై ఫైనల్, అంటే రెండు చేతులూ ఒకేసారి ముందుకు విసురుతూ ఈదే పోటీ. ఒక పక్క అమెరికా నుంచి మ్యాట్ బియాండీ, ఆ ఒక్క ఒలింపిక్స్‌లోనే ఏడు మెడల్స్ తీసుకెళ్లాడు, అందులో ఐదు గోల్డ్. ఇంకో పక్క సురినామ్ నుంచి వచ్చిన ఇరవై ఏళ్ల కుర్రాడు, నెస్టీ. సురినామ్ అంటే బ్రెజిల్‌కి ఉత్తరాన ఉండే చిన్న దేశం, అప్పటికి జనాభా ఐదు లక్షలు కూడా లేదు, దేశం మొత్తానికి 50 మీటర్ల పూల్ ఒక్కటే. నెస్టీ 53.00 సెకన్లు, బియాండీ 53.01. అంతే, సెకనులో నూరో వంతు.

హోస్ట్: నూరో వంతు అంటే దూరంలో ఎంత ఉంటుంది?

కోచ్: వాళ్లు ఈదిన వేగంలో లెక్కేస్తే రెండు సెంటీమీటర్లు కూడా లేదు. వేలి చివరి కణుపంత కూడా కాదు. కానీ అదృష్టం అని కొట్టిపారేసేవాళ్లంటే నాకు కోపం వస్తుంది, ఎందుకంటే ఆ చివరి పది మీటర్లలో ఏం జరిగిందో చాలా స్పష్టంగా కనిపిస్తుంది. అప్పటిదాకా బియాండీయే ముందున్నాడు. గోడ దగ్గరికి వచ్చేసరికి ఇంకో స్ట్రోక్, అంటే చేతులతో ఇంకో విసురు, వేయడానికి చోటు చాలదు, వేయకుండా అందుకుందామా అంటే గోడ ఇంకా దూరంగానే ఉంది, ఆ మధ్యలో ఇరుక్కుని చేతులు చాపి గ్లైడ్ అయ్యాడు. చేతులు చాపి గ్లైడ్ అవుతున్నంతసేపూ వేగం పడిపోతూనే ఉంటుంది, నీళ్లు ఎవరికోసమూ ఆగవు కదా. నెస్టీకి మాత్రం స్ట్రోక్ ముగియడం, రెండు చేతులూ గోడ మీద టైమ్ నమోదు చేసే ప్యాడ్‌ని తాకడం ఒకేసారి జరిగాయి. బటర్‌ఫ్లైలో రెండు చేతులతో ఒకేసారి తాకాలి, ఒక చెయ్యి ముందుకు చాచి గెలవడం కుదరదు.

హోస్ట్: ఫెల్ప్స్‌కి కూడా ఇలాంటిదే జరిగింది కదా, బీజింగ్‌లో?

కోచ్: అచ్చం అదే. 2008లో, అదే ఈవెంట్, ఫెల్ప్స్ 50.58, సెర్బియా స్విమ్మర్ మిలొరాద్ చావిచ్ 50.59. చావిచ్ గ్లైడ్ అయ్యాడు, ఫెల్ప్స్ చివర్లో ఇంకో పొట్టి స్ట్రోక్ ఇరికించాడు. అందుకే నేను పిల్లల చేత ఫినిష్ విడిగా ప్రాక్టీస్ చేయిస్తాను. గోడకి పది మీటర్ల దూరం నుంచి ఫుల్ స్పీడ్‌లో రావాలి, తల ఎత్తి చూడకూడదు, ఎన్ని స్ట్రోకులు పడతాయో ముందే తెలిసి ఉండాలి. పిల్లలకి బోర్ కొడుతుంది, అయినా చేయాల్సిందే.

హోస్ట్: మరి వెయ్యో వంతు దాకా లెక్కపెడితే ఇంకా కరెక్ట్‌గా ఉంటుంది కదా?

కోచ్: ఒకసారి పెట్టారు. 1972 మ్యూనిక్‌లో 400 మీటర్ల మెడ్లీలో, అంటే నాలుగు రకాల ఈతలూ కలిపిన పోటీలో, ఇద్దరికీ నూరో వంతు దాకా ఒకే టైమ్ వస్తే, వెయ్యో వంతుల్లో చూసి స్వీడన్‌కి చెందిన గున్నార్ లార్సన్‌కి గోల్డ్ ఇచ్చారు, తేడా 0.002 సెకన్లు. పూల్ కట్టేటప్పుడు ఒక లేన్‌కీ ఇంకో లేన్‌కీ పొడవులో, ఆ 0.002 సెకన్లలో ఈదే దూరం కంటే ఎక్కువ తేడా రావచ్చు. అందుకే తర్వాత నూరో వంతు దగ్గర ఆపేశారు. నూరో వంతు దాకా ఒకే టైమ్ వస్తే ఇద్దరికీ గోల్డే.

హోస్ట్: సియోల్ గెలుపు వెనక ఇంకో సంగతి ఉంది, దాని గురించి కూడా చెప్పండి.

కోచ్: చెప్పాలి. స్విమ్మింగ్‌లో వ్యక్తిగత ఈవెంట్‌లో ఒలింపిక్ గోల్డ్ గెలిచిన మొదటి నల్లజాతి పురుషుడు నెస్టీ. సరిగ్గా ముందు ఏడాది, 1987లో, అమెరికాలో ఒక పెద్ద బేస్‌బాల్ టీమ్ అధికారి అల్ కంపానిస్ టీవీలో కూర్చుని, నల్లవాళ్లకి నీళ్లలో తేలే గుణం లేదు, అందుకే మంచి స్విమ్మర్లు కాలేరు అన్నాడు. ఉద్యోగం పోయిందనుకో, కానీ ఆ నమ్మకం ఆయన ఒక్కడిదే కాదు, కోట్ల మందిది. పూల్‌లోకి రానివ్వకుండా తరతరాలు ఆపి, చివరికి వీళ్లకి ఈత రాదు అనడం ఎంత అన్యాయమో ఆలోచించు. సురినామ్ మాత్రం నెస్టీని నెత్తిన పెట్టుకుంది. నాణెం మీద, స్టాంపు మీద బొమ్మ వేశారు, రాజధాని పారామరిబోలో ఇండోర్ స్టేడియంకి పేరు పెట్టారు. 1992 బార్సిలోనాలో అదే ఈవెంట్‌లో బ్రాంజ్ వచ్చింది. 2024 పారిస్ ముగిసే దాకా ఆ దేశానికి వచ్చిన ఒలింపిక్ మెడల్స్ ఆ రెండే.

హోస్ట్: అంత పేరొచ్చాక కోచింగ్ వైపు ఎలా వచ్చాడు?

కోచ్: నాకు అసలు నచ్చేది ఇక్కడే. మామూలుగా గోల్డ్ మెడలిస్ట్ కోచ్ అవుతున్నాడంటే నేరుగా పెద్ద కుర్చీ వేస్తారు. నెస్టీ అమెరికాలోని ఫ్లోరిడా యూనివర్సిటీలో, తను చదివిన చోటే, అసిస్టెంట్‌గా చేరి దాదాపు ఇరవై ఏళ్లు అదే పనిలో ఉన్నాడు. హెడ్ కోచ్ గ్రెగ్ ట్రాయ్. అదే ఫ్లోరిడాలో, జాక్సన్‌విల్‌లోని బోల్స్ స్కూల్‌లో నెస్టీకి కోచింగ్ ఇచ్చింది కూడా ఆ ట్రాయే. తన గురువు కిందే మళ్లీ పని నేర్చుకున్నాడన్నమాట. తెల్లారకముందే డెక్ మీద, అంటే పూల్ గట్టు మీద, నిలబడటం, ఆ రోజు ఈదాల్సిన సెట్లు రాయడం, చేతిలో స్టాప్‌వాచ్, ఒక్కొక్క పిల్లాడి స్ట్రోక్ ఎక్కడ తేడా కొడుతోందో రోజూ చూడటం. మనిషి పెద్దగా మాట్లాడడు కూడా. 2018లో ట్రాయ్ తప్పుకున్నాక పురుషుల జట్టుకి హెడ్ కోచ్ అయ్యాడు, 2021లో మహిళల జట్టు కూడా చేతికొచ్చింది.

హోస్ట్: నాకో డౌట్ అన్నా. ఈయన 100 మీటర్ల మనిషి. 1500 మీటర్లు ఈదేవాళ్లకి ఏం నేర్పుతాడు?

కోచ్: మంచి ప్రశ్న. స్ప్రింట్ ట్రైనింగ్ వేరు, డిస్టెన్స్ ట్రైనింగ్ వేరు, చాలామంది కోచ్‌లు ఏదో ఒకదానికే పరిమితం అవుతారు. కానీ టోక్యో ఒలింపిక్స్‌లో నెస్టీ శిష్యుడు బాబీ ఫింకీ ఏం చేశాడో చూడు. 800 మీటర్ల ఫైనల్, చివరి 50 ముందు నాలుగో స్థానం. ఆ 50 మీటర్లు 26.39 సెకన్లలో ఈది గోల్డ్ కొట్టాడు. 1500లో కూడా అదే కథ, చివరి 50 మీటర్లు 25.78. అప్పటికి 1450 మీటర్లు ఈది ఉన్న ఒంటితో! అందులో ఫింకీ సొంత శక్తి ఎంత, కోచ్ పని ఎంత అని విడదీసి చెప్పలేను, కానీ ఒళ్లంతా లాక్టిక్ యాసిడ్‌తో మండుతున్నప్పుడు స్ట్రోక్ చెదరకుండా గోడ దాకా రావడం అనే విద్య 100 బటర్‌ఫ్లై మనిషికి తెలిసినంత బాగా ఎవరికి తెలుస్తుంది? పారిస్‌లో అదే ఫింకీ పద్ధతి మార్చి, మొదటి నుంచీ ముందుండి 14:30.67తో 1500 వరల్డ్ రికార్డు పెట్టాడు.

హోస్ట్: అమెరికా స్విమ్మర్ కేటీ లెడెకీ కూడా ఆయన దగ్గరికే వెళ్లింది కదా?

కోచ్: అవును, 2021లో, టోక్యో అయ్యాక. అప్పటికే చరిత్రలో పేరు రాసుకున్న మనిషి, ఇంకొన్నేళ్లు ఈదుదామని ఈ కోచ్‌ని ఎంచుకుంది. పారిస్‌లో 800, 1500 రెండూ గెలిచింది. అదే పారిస్‌లో అమెరికా పురుషుల ఒలింపిక్ జట్టుకి హెడ్ కోచ్ నెస్టీ, ఆ కుర్చీలో కూర్చున్న మొదటి నల్లజాతి మనిషి. అమెరికా స్విమ్మర్‌ని ఓడించిన వాడి చేతికి అమెరికా తన జట్టుని అప్పగించింది, నాకు ఆ సంగతి తలచుకుంటే ఇప్పటికీ ఒళ్లు పులకరిస్తుంది.

హోస్ట్: మరి ఆయన సొంత ఈవెంట్, 100 బటర్‌ఫ్లై?

కోచ్: పారిస్‌లో కెనడా కుర్రాడు జోష్ లియెండోకి సిల్వర్ వచ్చింది, 49.99. గోల్డ్ హంగరీ క్రిష్టోఫ్ మిలాక్‌ది, 49.90. లియెండో కూడా ఫ్లోరిడాలో నెస్టీ దగ్గరే ట్రైనింగ్. ఇంకో మాట, 2028 లాస్ ఏంజెలెస్‌లో మొదటిసారి 50 మీటర్ల బటర్‌ఫ్లై కూడా పెడుతున్నారు. టర్న్ లేదు, డైవ్ కొట్టి పైకొచ్చి ఒకటే పరుగు, మధ్యలో సర్దుకునే టైమ్ ఉండదు. స్టార్ట్, ఫినిష్, ఈ రెండు చోట్లే రేసు తేలిపోతుంది.

హోస్ట్: అంటే మళ్లీ నూరో వంతు గొడవే!

కోచ్: ఖచ్చితంగా. నేనైతే ఆ ఈవెంట్ కోసమే ఎదురుచూస్తున్నాను.